చిన్న కారు - దాని తరములు

హైదరాబాదు నగరమునకు తూర్పున దిల్‌సుఖ్‌నగర్, లాల్ బహదూర్ నగర్ అను రెండు పేటలు కలవు. రెండవదానిని జనులు ఎల్.బి. నగర్ అని వ్యవహరింతురు. ఈ రెంటిని కలుపు మార్గము పూనా నుండి హైదరాబాదు మీదుగా మచిలీపట్నము వరకు పోవు 65వ జాతీయ రహదారిలో ఒక భాగము. విజయవాడ, సూర్యాపేటల నుండి వచ్చు ప్రయాణికునకు ఎల్.బి. నగర్ కూడలియే నగరద్వారము. నాగార్జునసాగరము నుండి వచ్చు బాటయు, ఉప్పల్ నుండి వచ్చు బాటయు అచ్చటనే కలియుచున్నవి. ఉదయమున కచేరీల వేళకు ఈ మార్గమున నిలిచి చూచినచో బస్సులు, లారీలు, ఆటోలు, స్కూటర్లు, వీని నడుమ లెక్కకు మిక్కిలిగా చిన్న కార్లు కానవచ్చును.

ఈ చిన్న కార్లలో ఎక్కువ వానికి వెనుకవైపున సామానుల పెట్టె వేరుగా పొడుచుకొని యుండదు. కారు వెనుక భాగమే ఒక తలుపు. దానిని పైకెత్తినచో సామానులుంచు చోటును, మనుష్యులు కూర్చుండు చోటును ఒకే గదివలె కానవచ్చును. ఇట్టి కారును హ్యాచ్‌బ్యాక్ అందురు. కొలదిపాటి పొడవులో నలుగురైదుగురికి చోటు కల్పించుటయే దీని ప్రయోజనము. మన దేశమున ఇట్టి కార్లలో మిక్కిలి ప్రసిద్ధికెక్కినది మారుతి 800. దాని వంశమున వచ్చినదే ఆల్టో. ఈ వంశము నాలుగు దశాబ్దములలో ఎట్లు మారెనో, ఏల మారెనో ఈ పాఠమున తెలిసికొందము.

యంత్రము తనంతట తాను మారదు. దానిని కొను ప్రజలు ఏమి కోరుదురో, ప్రభుత్వము ఏమి శాసించునో దానిని బట్టి యంత్రము మారుచుండును. ఈ చిన్న కారు చరిత్రను ఈ దృష్టితో పరిశీలించినచో, మనము ముందుగా ఏమి కోరితిమో, ఏది కోరుట మరచితిమో స్పష్టమగును.

1980వ సంవత్సర ప్రాంతమున మన దేశమున కారు సామాన్యునకు అందని వస్తువు. ఏటికి రమారమి 40,000 కార్లు మాత్రమే తయారగుచుండెను. వానిలో ముఖ్యమైనవి అంబాసిడర్, ప్రీమియర్ పద్మిని. అంబాసిడర్ దృఢమైనదే కాని, టన్నుకు మించిన బరువు గలది. దాని రూపము 1950 నాటి దశాబ్దములో ఇంగ్లండున పుట్టిన మోరిస్ ఆక్స్‌ఫర్డు అను కారు రూపము. పోటీ లేనందున అది చాలకాలము పెద్దగా మారలేదు. సొమ్ము కట్టినవారు కారు కొరకు ఏండ్ల తరబడి వేచియుండవలసి వచ్చెడిది.

ఇట్టి స్థితిలో 1981వ సంవత్సరము ఫిబ్రవరిలో భారత ప్రభుత్వము మారుతి ఉద్యోగ్ అను సంస్థను స్థాపించెను. 1982వ సంవత్సరము అక్టోబరులో జపాను దేశపు సుజుకి సంస్థతో ఒడంబడిక కుదిరెను. ఢిల్లీకి సమీపమునగల గుర్‌గావ్‌లో కర్మాగారము వెలసెను. ఆ ప్రాంతమునే నేడు గురుగ్రామ్ అనుచున్నారు. కారు తయారు కాకమునుపే లక్షకు మించి జనులు ముందుగా సొమ్ము చెల్లించి పేర్లు నమోదు చేయించుకొనిరి. 1983వ సంవత్సరము డిసెంబరు 14వ తేదీన ప్రధానమంత్రి ఇందిరాగాంధీ మొదటి కారు తాళపుచెవులను దానిని కొన్న ఉద్యోగికి స్వయముగా అందజేసెను. నాటి వెల రమారమి 50,000 రూపాయలు.

ఈ మొదటి తరపు కారు జపానులో సుజుకి తయారు చేసిన చిన్న కారునకు ప్రతిరూపము. ఇంజను పరిమాణము 796 ఘన సెంటీమీటర్లు. సిలిండర్లు మూడు. గేర్లు నాలుగు. కారు పొడవు మూడు మీటర్లకు కొంచెము ఎక్కువ. బరువు రమారమి 650 కిలోగ్రాములు. అనగా అంబాసిడర్ బరువులో సగమునకు దరిదాపుగా నుండెను.

ఇంత చిన్న దేహములో అంత చోటు ఎట్లు లభించెను? అంబాసిడరులో ఇంజను ముందుండును, దాని బలము వెనుక చక్రములకు పోవును. అందుకై ఒక పొడవైన ఇరుసు కారు నేల క్రిందుగా సాగును. మారుతిలో ఇంజనును అడ్డముగా అమర్చి, ముందు చక్రములనే త్రిప్పునట్లు చేసిరి. పొడవైన ఇరుసుతో పని లేకపోయెను. బరువు తగ్గెను, కాళ్లు చాపుకొను చోటు మిగిలెను. ఈ పద్ధతిని చిన్న కార్లలో లోకప్రసిద్ధము చేసినది 1959వ సంవత్సరమున ఇంగ్లండున వెలువడిన మినీ అను కారు. సూయజ్ కాలువ సంక్షోభము వలన పెట్రోలునకు కరవు వచ్చినప్పుడు ఇంగ్లండువారు ఆ చిన్న కారును కల్పించుకొనిరి. లేమి మనుష్యునకు ఉపాయమును నేర్పునను మాట దీనివలన స్పష్టమగుచున్నది.

1986వ సంవత్సరమున మారుతి 800 రెండవ రూపము వచ్చెను. ఇంజను పాతదే. దేహము మాత్రము క్రొత్తది. మన దేశమున జనులు మారుతి కారు అనగానే మనస్సున ఊహించుకొను రూపము ఇదియే. 1987వ సంవత్సరమున హంగేరీ దేశమునకు 500 కార్లు ఎగుమతియైనవి. కొత్తపేట, సరూర్‌నగర్, గడ్డిఅన్నారము వంటి ప్రాంతముల ఇరుకు వీథులలో సులభముగా మలుపు తిరుగుటకును, ఇంటిముందు కొంచెము చోటులో నిలుపుకొనుటకును ఇట్టి కారు అనుకూలమైనది. స్కూటరు మీద ముందొక బిడ్డను, వెనుక భార్యను, ఆమె ఒడిలో మరియొక బిడ్డను కూర్చుండబెట్టుకొని వానలో తడియుచు పోవు గృహస్థునకు ఈ కారు ఒక ఇంటిని కొన్నంతటి సంతోషమును కలిగించెను. కారు నడుపుట నేర్చుకొనువారిలో చాలమంది మొదట చేపట్టిన చక్రము దీనిదే.

ఈ తరములవారు కోరినవి రెండు. వెల తక్కువగా నుండవలెను. లీటరు పెట్రోలుతో ఎక్కువ దూరము పోవలెను. కారు ఆ రెండు కోరికలను తీర్చెను.

కాని కార్లు పెరిగినకొలది వాని పొగయు పెరిగెను. పాత ఇంజనులలో కార్బ్యురేటరు అను సాధనము గాలిని పెట్రోలుతో కలిపెడిది. ఆ మిశ్రమము ఎల్లవేళల సరిపాళ్లలో నుండదు. పాలు ఎక్కువైనప్పుడు పెట్రోలు పూర్తిగా మండక విషవాయువులుగా వెలువడును. అదిగాక, నాటి పెట్రోలులో సీసము కలిపెడివారు. సీసము పిల్లల మెదడునకు హాని చేయును. 1995వ సంవత్సరమున నాలుగు మహానగరములలో క్రొత్త పెట్రోలు కార్లకు కెటలిటిక్ కన్వర్టరు ఉండవలెనని ప్రభుత్వము నిర్బంధించెను. ఇది పొగగొట్టములో అమర్చు సాధనము. ప్లాటినము వంటి లోహముల పూతతో ఇది విషవాయువులను చాలవరకు హానిలేని వాయువులుగా మార్చును. సీసము ఆ పూతను చెరచును గనుక సీసము లేని పెట్రోలు అవసరమయ్యెను. 2000వ సంవత్సరము నాటికి దేశమంతటను సీసము కలిపిన పెట్రోలు నిలిచిపోయెను. ఆ ప్రాంతముననే మారుతి 800లో కార్బ్యురేటరు పోయి, ఇంజనునకు కావలసినంత పెట్రోలును కొలిచి చిమ్ము పద్ధతి వచ్చెను.

అప్పటికే పోటీ మొదలయ్యెను. 1998వ సంవత్సరమున హ్యుందాయ్ శాంట్రో, టాటా ఇండికా అను కార్లు వెలువడెను. 2000వ సంవత్సరమున మారుతి సంస్థ ఆల్టోను ప్రవేశపెట్టెను. దీనిలోను ఇంజను 796 ఘన సెంటీమీటర్లదే. కాని ఒక్కొక్క సిలిండరునకు రెండు కవాటములకు మారుగా నాలుగు కవాటములు అమర్చిరి. ఇంజను ఎక్కువ గాలిని పీల్చి, ఎక్కువ బలమును ఇచ్చెను. గేర్లు ఐదయ్యెను. 2004వ సంవత్సరమున అమ్మకములలో ఆల్టో తన జ్యేష్ఠుని మించెను.

2010వ సంవత్సరము ఏప్రిల్ 1వ తేదీ మన నగరమునకు సంబంధించినంతవరకు ముఖ్యమైన దినము. పొగను ఇంకను తగ్గింపవలెనను భారత్ స్టేజి నాలుగు అను నియమము ఆనాడు 13 నగరములలో అమలునకు వచ్చెను. వానిలో హైదరాబాదు ఒకటి. మారుతి 800 ఇంజనును ఆ నియమమునకు అనుగుణముగా మార్చలేదు. కాబట్టి ఆనాటినుండి మన నగరమున క్రొత్త మారుతి 800 అమ్మకము ఆగిపోయెను. ఇతర ప్రాంతములలో మరి కొంతకాలము సాగి, 2014వ సంవత్సరము జనవరి 18వ తేదీన తయారీ పూర్తిగా నిలిచెను. అప్పటికి తయారైన కార్లు 25 లక్షలకు మించినవి. అంబాసిడర్ తయారీయు అదే సంవత్సరమున ఆగిపోయెను. పాత రాజును గెలిచిన క్రొత్త రాజును ఒక్క ఏడే సాగనంపినది.

2012వ సంవత్సరమున ఆల్టో 800 అను క్రొత్త రూపము వచ్చెను. 2014వ సంవత్సరము జనవరిలో గ్లోబల్ ఎన్‌క్యాప్ అను సంస్థ దానిని, వేరు సంస్థలవారి మరి నాలుగు చిన్న కార్లను గంటకు 64 కిలోమీటర్ల వేగముతో అడ్డుగోడకు ఢీకొట్టించి పరీక్షించెను. లోపల మనుష్యులకు మారుగా బొమ్మలనుంచిరి. రక్షణ యెంత గలదో నక్షత్రములలో తెలుపుట ఆ సంస్థ పద్ధతి. గాలిసంచులు లేని ఆ అయిదు కార్లకును పెద్దల రక్షణలో ఒక్క నక్షత్రమైనను రాలేదు.

ఈ ఫలితమును విని పలువురు ఆశ్చర్యపడిరి. కాని విచారించినచో కారణము తెలియును. ముప్పది ఏండ్లు మనము దుకాణమునకు పోయి "వెల యెంత? లీటరునకు ఎన్ని కిలోమీటర్లు?" అని అడిగితిమి. "ఢీకొన్నచో లోపలివారి ప్రాణములు దక్కునా?" అని అడిగినవారు అరుదు. అడిగినది లభించెను, అడుగనిది లభింపలేదు.

పిమ్మట ప్రభుత్వమే పూనుకొనెను. 2019వ సంవత్సరమున నడుపువాని ముందు గాలిసంచి ఉండవలెననియు, చక్రములు బిగుసుకొని జారకుండ చేయు బ్రేకుల ఏర్పాటు ఉండవలెననియు నియమించెను. తరువాత ముందుభాగమున కూర్చుండు రెండవ మనుష్యునకును గాలిసంచి నిర్బంధమయ్యెను. 2023వ సంవత్సరము అక్టోబరు నుండి కార్లను ఢీకొట్టించి పరీక్షించు భారత్ ఎన్‌క్యాప్ అను పద్ధతి మన దేశముననే ఆరంభమయ్యెను. 2022వ సంవత్సరమున 998 ఘన సెంటీమీటర్ల ఇంజనుతో క్రొత్త ఆల్టో కె10 వచ్చెను. 2023వ సంవత్సరమున ఆల్టో 800 తయారీ ఆగెను. అనగా 796 ఘన సెంటీమీటర్ల ఇంజనుతో ఈ వంశమునకున్న బంధము నలువది ఏండ్లకు ముగిసెను. 2025వ సంవత్సరమున కె10లోని అన్ని రకములకును ఆరేసి గాలిసంచులు అమర్చిరి.

గాలిసంచి ఒక్కటియే మనలను కాపాడదు. కదలుచున్న వస్తువు ఆపు బలము లేనిదే ఆగదని న్యూటను సూత్రము. కారు హఠాత్తుగా ఆగినను లోపలి మనుష్యుని దేహము అదే వేగముతో ముందునకు పోవును. దానిని ఆపునది బెల్టు. వెనుక కూర్చున్నవారును బెల్టు ధరింపవలెనని చట్టము కలదు. వెనుక నున్నవాడు బెల్టు లేక ముందునకు విసరబడినచో తాను గాయపడుటయే కాక, ముందున్న వానికిని ప్రాణహాని చేయును. ఎల్.బి. నగర్ దాటి విజయవాడ మార్గమున వేగము హెచ్చించుకొను ప్రతి కుటుంబమును ఈ సంగతిని జ్ఞాపకముంచుకొనవలెను.

మరియొక విషయము. ప్రతి గృహస్థునకు ఒక కారు లభించుట మంచిదే. కాని అన్ని కార్లకును ఒకే మార్గము చాలదు. 2018వ సంవత్సరము సెప్టెంబరు 24వ తేదీన అమీర్‌పేట నుండి ఎల్.బి. నగర్ వరకు మెట్రో రైలు నడువనారంభించెను. దిల్‌సుఖ్‌నగర్, చైతన్యపురి, విక్టోరియా మెమోరియల్, ఎల్.బి. నగర్ స్టేషనులు వరుసగా ఆ రహదారి మీదనే నిలిచియున్నవి. క్రింద కార్లు ఆగి ఆగి సాగుచుండగా, పైన మూడు పెట్టెల రైలు అడ్డులేక పోవుచుండును. ఎప్పుడు కారును తీయవలెనో, ఎప్పుడు దానిని ఇంటనుంచి రైలెక్కవలెనో తెలిసికొనుటయు నగరవాసి నేర్వవలసిన విద్యయే.

బాలబాలికలారా! రేపు మీరును పెద్దలై కార్లు కొందురు. మీలో కొందరు వానిని నిర్మింతురు. చిన్న కారు మొదటి తరములు వెలను, పెట్రోలును ఆదా చేసినవి. నడిమి తరములు గాలిని కొంత శుభ్రపరచినవి. ఇటీవలి తరము మనుష్యుని ప్రాణమును గణింప మొదలిడినది. ప్రాణరక్షణను అన్నిటికంటె ముందు కోరవలసియుండగా మనము కడపట కోరితిమి. ఇక మీదట ఏ యంత్రమును కొనబోవునప్పుడైనను ఆ ప్రశ్ననే మొదట అడుగుట నేర్చుకొనుడు.

ప్రశ్నలు

1. మారుతి 800 రాకపూర్వము మన దేశమున కార్ల స్థితి ఎట్లుండెను?
2. ముందు చక్రములను త్రిప్పు పద్ధతి వలన చిన్న కారునకు కలిగిన లాభములేవి?
3. సీసము లేని పెట్రోలు ఏల అవసరమయ్యెను?
4. హైదరాబాదులో క్రొత్త మారుతి 800 అమ్మకము 2010వ సంవత్సరమున ఆగుటకు కారణమేమి?
5. "అడిగినది లభించెను, అడుగనిది లభింపలేదు" - ఈ వాక్యమును మీ మాటలలో వివరింపుడు.