కొండ చాటున ఆగిన ఇసుక



డిసెంబరు 8న రోస్‌హిల్ కొండ ఎక్కి మరియతల్లిని దర్శించుకునే మీరు, ప్రార్థన ముగిశాక ఒకసారి దక్షిణ దిక్కుకు చూడండి. ఓడలు వచ్చిపోయే కాలువకు అవతల, సముద్రంలోకి చొచ్చుకుపోయిన కొండ కనిపిస్తుంది. అదే డాల్ఫిన్స్ నోస్. డాల్ఫిన్ ముక్కులా ముందుకు సాగి ఉంటుంది కనుక ఆ పేరు వచ్చింది. దాని మీది దీపస్తంభం రాత్రివేళ నావికులకు దారి చూపుతుంది.

నైరుతి ఋతుపవనాల కాలంలో దక్షిణం నుండి వచ్చే అలల తాకిడిని ఈ కొండ కాచుకుంటుంది. దాని చాటునే 1933లో విశాఖ ఓడరేవు ప్రారంభమైంది. అయితే ఈ తీరం వెంట అలలతోపాటు ఇసుక కూడా ఎక్కువగా ఉత్తరానికే కదులుతుంది. అది కాలువను పూడ్చివేయకుండా జానస్, వెల్లెడ్‌సన్ అనే రెండు పాత ఓడలను అక్కడ ముంచి అడ్డుకట్టగా చేశారు. 1976లో బయటి హార్బరు ఏర్పడినప్పుడు మరిన్ని అడ్డుకట్టలు వచ్చాయి.

రేవు క్షేమంగా ఉంది. కాని ఉత్తరాన ఉన్న రామకృష్ణా బీచికి చేరవలసిన ఇసుక దారిలోనే ఆగిపోయింది. అలలు ఉన్నదాన్ని కోసుకుపోతుంటే, ఆ లోటు పూడ్చే ఇసుక రాలేదు. అందుకే రేవు దగ్గర ఆగిన ఇసుకను డ్రెడ్జరుతో తవ్వి బీచిలో పోయవలసి వస్తోంది.

మన కుటుంబం కూడా ఒక రేవే. బిడ్డలకు చాటుగా నిలవడం తల్లిదండ్రుల ధర్మం. దానిని దేవుడు తప్పుపట్టడు. కాని మన గోడ దగ్గర ఆగినదంతా మనదేనా? పనిమనిషి జీతం వచ్చే నెలకు వాయిదా వేసి మన పిల్లల ఫీజు కడితే, ఆమె పిల్లల ఫీజు ఎవరు కడతారు? ద్వితీయోపదేశకాండము 24వ అధ్యాయం చదవండి. పేదవాని కూలిని పొద్దు గుంకకముందే చెల్లించాలనీ, పొలంలో మరచిపోయిన పనను పరదేశికి, అనాథకు, విధవరాలికి విడిచిపెట్టాలనీ ప్రభువు ఆజ్ఞాపించాడు. అది దయతో పెట్టే భిక్ష కాదు, వారికి చేరవలసిన వాటా.

ఈ వారం కుటుంబ ప్రార్థనలో జపమాల తరువాత అందరూ కలిసి ఆలోచించండి. మన ఇంట ఎవరి జీతం ఆగి ఉంది? ఎవరి అప్పు తీర్చకుండా ఉంది? ఒక్కటైనా గుర్తుకు వస్తే, ఆదివారం దివ్యబలిపూజకు వచ్చేలోగా వారికి చేర్చండి.