కొలంబో కప్: నాలుగు దేశాలు, నాలుగు ఏళ్లు

భూపాలపల్లి, ములుగు వైపు నుంచి గ్రూప్స్‌కు చదివే అభ్యర్థులు క్రీడల విభాగంలో తరచూ వదిలేసే టోర్నీ ఇది. కొలంబో కప్‌ను ఆసియా చతుర్దేశ ఫుట్‌బాల్ టోర్నమెంట్ అని కూడా అంటారు. భారత్, పాకిస్తాన్, బర్మా, సిలోన్ లీగ్ పద్ధతిలో తలపడ్డాయి.

1952లో కొలంబోలో భారత్, పాకిస్తాన్ సంయుక్త విజేతలు. 1953 రంగూన్, 1954 కలకత్తా, 1955 ఢాకా టోర్నీలు మూడూ భారత్‌వే. ఢాకా అప్పుడు పాకిస్తాన్‌లో భాగం. ఆతిథ్య దేశం బంగ్లాదేశ్ అని గుర్తించారంటే మార్కు పోయినట్టే.

ఆ దశాబ్దపు భారత ఫుట్‌బాల్‌కు గుండెకాయ హైదరాబాద్. సయ్యద్ అబ్దుల్ రహీం శిక్షణలో హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టు 1950 నుంచి 1954 వరకు వరుసగా ఐదుసార్లు రోవర్స్ కప్ గెలిచింది. ఆయన కోచ్‌గా ఉండగానే భారత్ 1951లో ఢిల్లీ ఆసియా క్రీడల స్వర్ణం సాధించింది, 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానంలో నిలిచింది. ఒలింపిక్ ఫుట్‌బాల్ సెమీస్ చేరిన తొలి ఆసియా దేశం మనదే. ఆ జట్టులో సికింద్రాబాద్ అమ్ముగూడకు చెందిన తులసీదాస్ బలరాం ఉన్నాడు.

1962 జకార్తా ఆసియా క్రీడల ఫైనల్‌ను ప్రత్యేకంగా చదవాలి. తలకు కుట్లు పడిన డిఫెండర్ జర్నైల్ సింగ్‌ను రహీం ఫార్వర్డ్‌గా దింపాడు. అతను గోల్ కొట్టాడు. పి.కె. బెనర్జీ మరొకటి కొట్టాడు. దక్షిణ కొరియాపై 2-1తో స్వర్ణం. తర్వాతి ఏడాది జూన్ 11న రహీం క్యాన్సర్‌తో కన్నుమూశాడు.