ఆనవాలు పట్టుటలో పొరపాటు

న్యాయస్థానమున సాక్షి బోనులో నిలిచి, “ఆ దినమున నేను చూచినవాడు ఇతడే” యని ముద్దాయిని వ్రేలితో చూపినప్పుడు, వినువారికి వ్యాజ్యము తీరినట్లే తోచును. ఆ సాక్షికి అబద్ధమాడుటకు కారణమేదియు లేనిచో మన నమ్మకము మఱింత దృఢమగును. కాని అబద్ధమాడనివాడు పొరపడడని చెప్ప వీలులేదు. ఈ భేదమును గుర్తింపనందున ఒక నిరపరాధి యెట్టి పాట్లు పడెనో యిచ్చట తెలిపెదము.

1895వ సంవత్సరము డిసెంబరు మాసమున, లండను నగరమందలి విక్టోరియా వీధిలో అడాల్ఫ్ బెక్ అను నార్వే దేశస్థుని ఒక స్త్రీ అడ్డగించి, తన గడియారములను ఉంగరములను మోసపుచ్చి గొనిపోయినవాడు ఇతడే యని నిందించెను. బెక్ తానే పోలీసువాని యొద్దకు బోయి ఆమెపై ఫిర్యాదు చేసెను. ఠాణాకు ఇరువురును పోయిరి. ఖైదులో నిలిచినవాడు మాత్రము బెక్.

ఆ కాలమున ఒక వంచకుడు తానొక ప్రభువునని చెప్పుకొని స్త్రీలను నమ్మించి, చెల్లని చెక్కులిచ్చి, వారి నగలతో మాయమగుచుండెను. అట్లు మోసపోయినవారిని పిలిపించి, వీధిలోని కొందఱు మనుష్యులతో బెక్కును వరుసగా నిలువబెట్టి చూపిరి. ఆ వరుసలో నెరసిన జుట్టును మీసమును గలవాడు అతడొక్కడే! పలువురు స్త్రీలు అతనినే చూపిరి. 1877లో ఇట్టి నేరమునకే శిక్షపడిన జాన్ స్మిత్ అనువాడు ఇతడే యని, నాటి పోలీసు ఉద్యోగి యొకడు ప్రాథమిక విచారణలో ప్రమాణము చేసెను. ఆ సంవత్సరమున తాను దక్షిణ అమెరికాలోని పెరూ దేశమున నుంటినని బెక్ మొఱపెట్టుకొనెను. పాత నేరము ప్రస్తుతాభియోగమునకు సంబంధింపదని జడ్జి ఆ విషయమును విచారణకు రానీయలేదు. 1896లో అతనికి ఏడేండ్ల కఠినశిక్ష విధింపబడెను.

స్మిత్ దేహమున నుండిన గుర్తు బెక్కునకు లేదని 1898లో చెఱసాల లెక్కలవలననే తేలినను, అతని ఖైదీ సంఖ్య మాత్రము మార్చిరి; విడుదల చేయలేదు. 1901లో బయటికి వచ్చినవాడు 1904లో అట్టి నిందపైననే మరల పట్టువడెను; మరల నేరస్థుడని తీర్మానింపబడెను. జడ్జికి సంశయము కలిగి శిక్ష విధించుటను వాయిదా వేసెను. బెక్ చెఱలో నుండగనే అట్టి మోసమే మరల జరిగెను. ఉంగరములను తాకట్టు పెట్టబోయి అసలు స్మిత్ జూలై మాసమున దొరకెను. బెక్ విడుదల పొందెను. ప్రభుత్వము అతనికి 5,000 పౌనుల పరిహారమిచ్చెను. ఈ అన్యాయము కలిగించిన కలవరమువలన 1907లో ఇంగ్లండున క్రిమినలు అప్పీలు కోర్టును స్థాపించు చట్టము వచ్చెను.

ఆ స్త్రీలందఱును అసత్యమాడిరా? లేదు. వారు నష్టపడినవారు, దోషి శిక్షింపబడవలెనని మనసార కోరినవారు. మన జ్ఞాపకము పెట్టెలో దాచిన చిత్తరువు వంటిది కాదు. చూచినది కొంత, పిమ్మట విన్నది కొంత, ఊహించినది కొంత కలిసి అది తయారగును. ఠాణాలో ఒకని ముఖమును చూచి “ఇతడే కాబోలు” అనుకొన్న సాక్షి, కోర్టునకు వచ్చునప్పటికి ఆ ముఖమునే నేరస్థలమున చూచినట్లు తలచును. “కాబోలు” అన్నది “నిశ్చయము”గా మారును. సాక్షుల సంఖ్య పెరిగినంత మాత్రమున సత్యము పెరుగదు. వరుసయే లోపముగలదైనచో పదిమందియు ఒకే పొరపాటు చేయుదురు.

కావున గుర్తింపు పెరేడులో నిలుచువారు వయస్సునందును రూపమునందును ముద్దాయిని పోలియుండవలెను. ముందుగా అతనిని సాక్షికి చూపరాదు. మన దేశమున ఇది సాధారణముగా మేజిస్ట్రేటు ఎదుట జరుగును. అయినను అది కోర్టులో సాక్షి చెప్పు మాటకు బలము చేకూర్చునదే గాని, తానే మూలసాక్ష్యము గాదు. ఇంగ్లండున 1976లో టర్న్‌బుల్ వ్యాజ్యమందు అప్పీలు కోర్టు, ధైర్యముగా చెప్పు సాక్షియు పొరపడవచ్చునని జూరీకి జడ్జి హెచ్చరింపవలెననియు, ఎంతసేపు, ఎంత దూరమునుండి, ఎట్టి వెలుతురులో చూచెనో విచారింపవలెననియు నిర్ణయించెను.

విద్యార్థులారా! ఇది న్యాయవాదులకే చెల్లు పాఠము గాదు. వసతిగృహమున ఒకని పుస్తకము పోయినప్పుడు, “సందెచీకటిలో ఎవరో పొడుగువాడు పోవుట చూచితిని” అనుట సత్యము. “ఫలానివాడే” యనుట అపుడే ఊహ. చూచినంతయే చెప్పుటయు, తెలియనిచోట తెలియదనుటయు పిఱికితనము గాదు. బెక్ పోగొట్టుకొన్న ఏండ్లను ఆ అయిదువేల పౌనులు తిరిగి తేలేదు. ఒక్క సాక్షియైనను “నాకు నిశ్చయము లేదు” అని నిలువగలిగినయెడల అవి పోకుండ నిలిచియుండెడివేమో.