సారపప్పు: అడవి పండుపై హక్కు కథ

పాయసంలోనూ మిఠాయిలలోనూ వేసే సారపప్పు తోటపంట కాదు. అడవి పండు గింజలోని పప్పు. సంస్కృతంలో ప్రియాళమనీ, హిందీలో చిరోంజీ అనీ, తెలుగునాట మొర్రి అనీ పిలిచే ఈ వృక్షం మధ్యభారతపు అడవులలో సహజంగా పెరుగుతుంది. ఎండాకాలంలో పండ్లు నల్లబడతాయి. ఇళ్లలో తిండిగింజలు అడుగంటే కాలం కూడా అదే. కావున పైగుజ్జు ఆకలి తీర్చేది, గింజ సంతకు చేరేది.

బస్తర్ గోండులు మామిడి, ఇప్ప వంటి కొత్త ఫలసాయాన్ని ‘పండుం’ అనే ఉత్సవంలో దేవతలకు నివేదించిన పిదపనే భుజిస్తారు. గోదావరి లోయలోని కోయలలోనూ ఈ ఆచారం కానవస్తుంది. దీనిని కేవలం మతాచారంగా భావించటం చాలదు. ఫలం పక్వానికి రాకముందే ఎవరికి వారు కోసుకొనకుండా ఊరంతటికీ అది ఒక కట్టడి.

సంతలో ఆ కట్టడి చెల్లలేదు. సముద్రానికి దూరమైన బస్తర్‌కు ఉప్పును బంజారాలు ఎడ్లపై మోసుకొని రావలసివచ్చేది. ఉప్పు లేనిదే గడవదు. సారపప్పు అమ్మకున్నా ఒకపూట గడుస్తుందేమో. ఈ అసమానతే వర్తకునికి పెట్టుబడి. పట్టణంలో ఎంతో ఖరీదు పలికే పప్పును తూకానికి తూకం ఉప్పిచ్చి పుచ్చుకొనేవారు. స్వాతంత్ర్యానంతరం, ఉప్పు చౌక అయిన తర్వాత కూడా, ఈ మారకం చాలాకాలం సాగటం విడ్డూరమే.

అంతకు మునుపే అడవిపై అధికారం చేతులు మారింది. బ్రిటిషు ఇండియాలో 1878 నాటి అటవీ చట్టం రిజర్వు అడవులలో సేకరణను హక్కుగా గాక సర్కారు అనుమతిగా మార్చివేసింది. బస్తర్ సంస్థానంలో మూడింట రెండు వంతుల అడవిని రిజర్వు చేయాలన్న 1905 నాటి ప్రతిపాదన, 1910లో చెలరేగిన భూమ్‌కాల్ తిరుగుబాటుకు ముఖ్య కారణాలలో ఒకటి.

ఆంధ్ర ప్రాంతంలో 1956లో విశాఖపట్నం కేంద్రంగా ఏర్పడిన గిరిజన సహకార సంస్థ సంతలలో నేరుగా కొనుగోలుకు దిగింది. చిన్నతరహా అటవీ ఫలసాయంపై యాజమాన్యాన్ని 1996 నాటి పెసా చట్టం గ్రామసభలకు, 2006 నాటి అటవీ హక్కుల చట్టం అడవిబిడ్డలకు గుర్తించాయి. 2013-14లో కేంద్రం ప్రకటించిన కనీస మద్దతు ధరల పథకంలో సారపప్పు గింజకూ చోటు దక్కింది.

అయితే ధర పెరిగినకొద్దీ ముందు కోసినవానిదే పండు అయింది. పచ్చికాయలు దులపటం, కొమ్మలు నరకటం పరిపాటి అయినాయి. లేతకాయలో పప్పు నిండదు, గింజ మొలకెత్తదు, చెట్లు క్షీణిస్తున్నాయి. సామూహిక అటవీ వనరుల వినియోగాన్ని క్రమబద్ధం చేసే అధికారాన్ని 2006 చట్టంలోని 5వ సెక్షన్ గ్రామసభకు ఇచ్చింది. పండుం పేరిట ఊరు పాటించిన గడువును ఇప్పుడు తీర్మానంగా వ్రాసుకొనవచ్చును.