సంస్థ పెరిగితే యజమాని పని ఎలా మారుతుంది?

మన మెట్రో స్టేషను బోర్డు మీద "బయోకాన్ హెబ్బగోడి" అన్న పేరును 2025 ఆగస్టు నుండి విద్యార్థులందరూ చూస్తూనే ఉన్నారు. కామర్సు చదివేవారు ఆ కంపెనీ చరిత్ర ఒకసారి చదవాలి. సంస్థ పెరిగే కొద్దీ దాన్ని స్థాపించిన మనిషి రోజు ఎటు పోతుందో అందులో బాగా తెలుస్తుంది.

1978లో 25 ఏళ్ల కిరణ్ మజుందార్ ఒక ఐర్లండు కంపెనీ భాగస్వామ్యంతో, 10,000 రూపాయల పెట్టుబడితో, బెంగుళూరులో అద్దె ఇంటి గ్యారేజీలో బయోకాన్ ప్రారంభించారు. సరుకు రెండు రకాలు: బొప్పాయి పాల నుండి తీసే పపైన్, చేపల గాలితిత్తి నుండి తీసే ఐసింగ్లాస్. బీరును తేటపరచడానికి వాడతారు. బ్యాంకులు అప్పివ్వడానికి వెనకాడాయి. చిన్న వయసు, ఆడపిల్ల, తనఖాకు ఆస్తి లేదు, బయోటెక్నాలజీ అంటే ఎవరికీ తెలియదు. గుమాస్తాగా చేసినవాడిని కనుక ఆ చివరి రెండు సందేహాలు నాకు అర్థమవుతాయి. మొదటి రెండింటికి బ్యాంకింగు సూత్రాలలో చోటు లేదు. పనికి మనుషులూ దొరకలేదు. మొదటి ఉద్యోగి ఒక రిటైరైన మెకానిక్. ఈ దశలో యజమానికి ప్రాధాన్యాల పట్టిక ఉండదు, ఏ పని ఆగిపోతే ఆ పనికే పరుగు.

ఏడాదిలోనే అమెరికా, యూరప్‌లకు ఎగుమతులు మొదలయ్యాయి. అప్పుడు ప్రశ్న మారుతుంది: నేను లేకపోయినా ఈ పని ఎవరు చేస్తారు? 1990లో అరుణ్ చందావర్కర్ చేరారు. 1994లో పరిశోధనకు సింజీన్ అనే వేరే కంపెనీ పెట్టారు. ఇక యజమాని సమయం మనుషులను ఎంచుకోవడానికి, ఏ సరుకు చేయాలో తేల్చుకోవడానికి పోవాలి.

మనవారి వ్యాపారాలు ఎక్కువగా ఇక్కడే ఆగిపోతాయి. గల్లా పెట్టె ఆయనదే, సరుకు కొనేదీ ఆయనే, చెక్కు మీద సంతకమూ ఆయనదే. ఊళ్ళో పెళ్ళికి నాలుగు రోజులు వెళితే పనివారి జీతాలు ఆగిపోయేవి. ఇది కౌంటరు వెనుక నుండి ఎన్నోసార్లు చూశాను. పనివారు నమ్మదగనివారు కాదు, వారికి ఎవరూ అధికారం ఇవ్వలేదు, అంతే. పుస్తకంలో "డెలిగేషన్" అని రెండు మార్కుల ప్రశ్నగా వచ్చేది ఇదే.

బయోకాన్‌లో 1999లో జాన్ షా చేరి ఆర్థిక వ్యవహారాలు చూసుకున్నారు. 2004లో షేర్లు ప్రజలకు అమ్మారు. అప్పటి నుండి బోర్డు, వాటాదారులు, ఆడిటర్లకు కూడా సమయం కేటాయించక తప్పదు. 2007లో ఎంజైముల వ్యాపారాన్నే డెన్మార్కు కంపెనీ నోవోజైమ్స్‌కు అమ్మేశారు. గ్యారేజీలో మొదలైన పని అదే! మందుల తయారీ మీద దృష్టి పెట్టాలంటే దాన్ని వదలవలసి వచ్చింది. నా దృష్టిలో ఈ చరిత్రలో అన్నిటికన్నా కష్టమైన నిర్ణయం ఇదే. 2014లో చందావర్కర్ సీఈఓ అయ్యారు. 2020లో కిరణ్ మేనేజింగ్ డైరెక్టరు పదవి కూడా సిద్ధార్థ్ మిట్టల్‌కు అప్పగించి, ఎగ్జిక్యూటివ్ చైర్‌పర్సన్‌గా కొనసాగారు.

విద్యార్థులకు ఒక అభ్యాసం. ఇంట్లో దుకాణం గాని, టైలరింగు గాని, ఆటో గాని ఉంటే, వారం రోజులు అమ్మానాన్నల పనులు మూడు గడులలో రాయండి: వారే చేయవలసినవి, మరొకరికి నేర్పి అప్పగించగలిగినవి, మానేయగలిగినవి. సరుకు కొనడం ఏ గడిలో పడుతుందో ఇంట్లో వాదన వస్తే రానివ్వండి.