పొదుపు, మదుపు, హామీ: అనిశ్చిత కాలానికి మూడు ప్రశ్నలు

ధనాన్ని గురించి వ్రాయడం భాషాధ్యాపకుల పని కాదని కొందరు మిత్రులు అనవచ్చు. కాని పదాల అర్థాన్ని విడమరచి చెప్పడమే మా వృత్తి. మన కుటుంబాలు ధన వ్యవహారాలలో నష్టపోయిన సందర్భాలను పరిశీలిస్తే, వాటిలో అనేకం ఏదో ఒక మాటను సరిగా అర్థం చేసుకోకపోవడం వల్లనే సంభవించినట్లు కనిపిస్తుంది. అందుచేత ఆ మాటలతోనే ఈ వ్యాసాన్ని ప్రారంభిస్తున్నాము.

ఉర్దూ, తెలుగు భాషలు రెండూ వినిపించే మన కళాశాలలో ఒక విశేషాన్ని గుర్తుచేయడం ఉచితం. తెలుగువారి లెక్కల పుస్తకంలోని జమ, ఖర్చు, బాకీ, వసూలు, నగదు, హామీ అనే మాటలు అరబ్బీ, పారసీ భాషల నుండి వచ్చి, మన వ్యవహారంలో స్థిరపడినవే. పొదుపు, మదుపు అనేవి తెలుగు మాటలు. పొదుపు అనగా ఖర్చు కాకుండా మిగుల్చుకోవడం. మదుపు అనగా ఆ మిగిలినదానిని మరొక పనిలో పెట్టి వృద్ధిని ఆశించడం. మొదటిదానికి నిగ్రహం చాలు. రెండవదానికి వివేకం కూడా కావాలి. ఈ రెండింటికీ గల భేదం తెలియనివారు మదుపు చేస్తూ పొదుపు చేస్తున్నామని భ్రమపడతారు.

ఒక సంక్షోభపు కథ

దేశ ఆర్థిక పరిస్థితి అనే మాట వినగానే అది పెద్దలకు, మంత్రులకు సంబంధించిన విషయమని విద్యార్థులు భావిస్తారు. అది మన వంటింటి వరకు ఎలా నడచి వస్తుందో తెలుసుకోవడానికి 1990, 1991 సంవత్సరాల చరిత్ర చక్కని ఉదాహరణ.

1990 ఆగస్టు 2వ తేదీన ఇరాక్ సేనలు కువైట్‌ను ఆక్రమించాయి. అక్కడ పనిచేస్తున్న భారతీయులలో కడప వంటి మన జిల్లాల నుండి వెళ్ళినవారు కూడా ఉన్నారు. సుమారు 1,70,000 మందిని జోర్డాన్ రాజధాని అమ్మాన్ మీదుగా ఎయిరిండియా విమానాలలో స్వదేశానికి చేర్చారు. వారిలో అనేకులు ఏళ్ళ తరబడి కూడబెట్టినదానిని అక్కడే వదలి రావలసి వచ్చింది. చేతిలో ఉన్న కువైట్ దీనార్లను మార్చుకోవడం కూడా దుర్లభమైంది. సంపాదన, నివాసం, నిల్వ ధనం మూడూ ఒకే చోట ఉన్నవారికి మూడూ ఒకేసారి పోయాయి.

కథ అంతటితో ముగియలేదు. ముడి చమురు ధర కొద్ది నెలలలోనే రెట్టింపయింది. చమురును దిగుమతి చేసుకునే మన దేశానికి ఆ ఖర్చు పెరిగింది. ఆ ప్రాంతం నుండి వచ్చే పైకం తగ్గింది. అప్పటికే విదేశీ అప్పులతో బలహీనపడి ఉన్న దేశపు ఖజానాలో, 1991 నాటికి కొన్ని వారాల దిగుమతులకు సరిపడే విదేశీ ద్రవ్యం మాత్రమే మిగిలింది. ఆ సంవత్సరం రిజర్వు బ్యాంకు సుమారు 47 టన్నుల బంగారాన్ని విదేశాలలో తాకట్టు పెట్టవలసి వచ్చింది. జులై 1, 3 తేదీలలో రూపాయి మారకపు విలువను తగ్గించారు. డాలరుకు సుమారు 21 రూపాయలు ఉన్నది 26 రూపాయలకు చేరింది. ఆ సంస్కరణల భారాన్ని వహించిన ప్రధాని, తెలుగువారైన శ్రీ పి. వి. నరసింహారావు. ఆర్థిక మంత్రి డాక్టర్ మన్మోహన్ సింగ్.

ఆ ఏడాది ధరలు 13 శాతానికి పైగా పెరిగాయి. ఎక్కడో ఎడారిలో జరిగిన యుద్ధం మన ఊరి కిరాణా కొట్టు వరకు వచ్చిన మార్గమిది. ఆ యుద్ధాన్ని ఏ గృహస్థుడూ ముందుగా ఊహించలేడు. కావున రేపు ఏమి జరుగుతుందనే ప్రశ్న కంటె, ఏమి జరిగినా నిలబడగలమా అనే ప్రశ్న మనకు ప్రయోజనకరం. దానిని మూడు చిన్న ప్రశ్నలుగా విడగొట్టుకుందాము.

మొదటి ప్రశ్న: ఈ ధనం రేపు ఎంత కొనగలదు?

ద్రవ్యం, ఉల్బణం అనే రెండు పదాలు కలిసి ద్రవ్యోల్బణం అయింది. ఉల్బణం అనగా అధికమైనది, హద్దు మీరినది. సరుకు పెరగక నోటు మాత్రమే పెరిగితే నోటు విలువ తరుగుతుంది. 1974-75లో మన దేశంలో టోకు ధరలు సుమారు 25 శాతం పెరిగాయి. నాటి బ్యాంకు వడ్డీ అందులో సగం కూడా లేదు. పాసుపుస్తకంలో అంకె పెరిగింది గాని, ఆ అంకెతో కొనగలిగే బియ్యం తగ్గింది.

విద్యార్థులు గుర్తుంచుకోదగిన సులభమైన లెక్క ఒకటున్నది. 72ను ఏటా పెరిగే శాతంతో భాగించండి. ధరలు ఏటా 6 శాతం పెరిగితే, సుమారు 12 సంవత్సరాలలో అవి రెట్టింపవుతాయి. అనగా ఇనప్పెట్టెలో దాచిన నూరు రూపాయలు పన్నెండేళ్ళ తరువాత నేటి యాభై రూపాయల పని చేస్తాయి. కావున దాచడం ఒక్కటే రక్షణ కాదు.

బంగారం ఎన్నడూ మోసగించదని మన ఇళ్ళలో గట్టి నమ్మకం. 1980 జనవరిలో లండన్ విపణిలో ఔన్సు బంగారం 850 డాలర్లు పలికింది. 1999లో అది సుమారు 250 డాలర్లకు దిగింది. తిరిగి పాత ధరను అందుకోవడానికి 28 సంవత్సరాలు పట్టింది. రూపాయి విలువ కూడా ఆ కాలంలో తగ్గినందువల్ల మన దేశంలో ఆ పతనం అంతగా కనిపించలేదు. బంగారం కొనరాదని మేము చెప్పడం లేదు. ఎంతటి వస్తువైనా, ఏ ధరకు కొన్నామన్నది ముఖ్యమని మాత్రమే చెబుతున్నాము.

రెండవ ప్రశ్న: కావలసిన నాడు చేతికి వస్తుందా?

మన మెట్ట ప్రాంతపు రైతు పండినదంతా అమ్మడు. కొంత తిండికి ఉంచుతాడు, కొంత పాతరలో దాస్తాడు, కొంత విత్తనానికి తీసిపెడతాడు. ఇంట్లో ఎంత ఇబ్బంది ఉన్నా విత్తనపు గింజల జోలికి పోకుండా కాపాడేది ఆ పాతరే. మదుపు చేసే ధనం విత్తనం వంటిది. దానిని కాపాడాలంటే ముందుగా పాతర నిండాలి. కనీసం ఆరు నెలల ఇంటి ఖర్చు, అవసరమైన రోజున తీసుకోగలిగే విధంగా బ్యాంకులోనో తపాలా కార్యాలయంలోనో ఉండాలి.

ఈ జాగ్రత్త లేనివారికి ఏమి జరుగుతుందో షేర్ల విపణి చరిత్ర చెబుతుంది. 1991 చివర 1,900 దగ్గర ఉన్న బొంబాయి సూచీ 1992 ఏప్రిల్‌లో 4,400 దాటింది. కుంభకోణం బయటపడి, ఏడాది తిరిగేసరికి దాదాపు సగానికి పడిపోయింది. 2020 మార్చి 23న, కోవిడ్ భయంతో, అదే సూచీ ఒక్కరోజులో 13 శాతం పడింది. అయితే ఆ ఏడాది ముగియకముందే పోయినదంతా తిరిగి వచ్చింది. ఆగగలిగినవారు నష్టపోలేదు. పాతర లేనివారు మాత్రం ఆసుపత్రి ఖర్చుకో, ఇంటి అద్దెకో పడిన ధరకే అమ్ముకోవలసి వచ్చింది.

ఓర్పు ఉంటే చాలునని కూడా అనుకోరాదు. జపాను దేశపు నిక్కీ సూచీ 1989 చివర చేరిన శిఖరాన్ని తిరిగి దాటినది 2024 ఫిబ్రవరిలో. ఒక తరం గడిచిపోయింది. అందుకే మన రైతు జొన్నలో కంది వేస్తాడు. జొన్న దెబ్బతిన్న ఏడాది, వేరు లోతుకు పోయిన కంది వెనుకటి వానలతోనైనా నిలుస్తుంది. మదుపులో కూడా అదే నీతి. ఒకే సంస్థ, ఒకే వస్తువు, ఒకే దేశం మీద సర్వస్వం పెట్టరాదు.

మూడవ ప్రశ్న: నష్టం వస్తే భరించేది ఎవరు?

హామీ అనే మాటకు మూలార్థం రక్షకుడు, అండగా నిలిచేవాడు. కావున ఎవరైనా హామీ అన్నప్పుడు ఆ రక్షకుడెవరో పేరు అడగాలి.

1960లో కేరళలోని పాలాయ్ సెంట్రల్ బ్యాంకు మూతపడిన తరువాత మన దేశంలో డిపాజిట్ల బీమా చట్టం 1961లో వచ్చింది. 1962లో ఆ బీమా 1,500 రూపాయల వరకే ఉండేది. 1993లో లక్షకు, 2020 ఫిబ్రవరి 4 నుండి 5 లక్షలకు పెంచారు. ఒక బ్యాంకులో ఒక డిపాజిటరుకు అసలు, వడ్డీ కలిపి ఈ పరిమితి. 2001, 2002 ప్రాంతంలో హైదరాబాదులో కొన్ని పట్టణ సహకార బ్యాంకులు కుప్పకూలినప్పుడు బీమా లక్ష వరకే ఉన్నది. జీవితకాలపు పొదుపంతా ఒకే చోట ఉంచిన పింఛనుదారులకు ఆ పరిమితి విలువ అప్పుడు తెలిసింది. సహకార బ్యాంకుకు ఈ బీమా ఉన్నది. పేరులో సహకారం ఉన్నంత మాత్రాన సాధారణ పరపతి సంఘానికి లేదు. చీటీలకు 1982 నాటి చట్టం ఉన్నది; నమోదు కాని చీటీకి ఆ చట్టపు అండ లేదు.

షేర్లకు ఏ హామీ లేదు, ఉండదు. 2009 జనవరి 7న హైదరాబాదు సత్యం కంప్యూటర్స్ అధ్యక్షుడు తమ లెక్కలలో చూపిన వేల కోట్ల రూపాయల నగదు లేనే లేదని లేఖ వ్రాసిన రోజున, ఆ షేరు విలువలో నాలుగింట మూడు వంతులకు పైగా ఆవిరైపోయింది. ఊరి వారి సంస్థ, పేరున్న సంస్థ అనే భావన హామీ కాదు.

మన విద్యార్థులలో కొందరి ఇళ్ళలో వడ్డీ తీసుకోరాదన్న నియమం ఉన్నది. అది గౌరవించదగినది. కాని ఆ నియమాన్నే ఎరగా చేసుకునేవారు ఉన్నారు. వడ్డీ కాదు, లాభంలో వాటా అంటూనే, నెలకు నూటికి మూడు రూపాయలు తప్పక ముట్టుతుందంటారు. ఇక్కడ భాష తెలిసినవారు ఆగి ఆలోచించాలి. వాటా అనగా లాభంలోనూ నష్టంలోనూ వాటా. నష్టం ఊసే లేకుండా నెలనెలా నిర్ణీతంగా వచ్చేది వాటా కాజాలదు. పైగా నెలకు మూడు శాతం చొప్పున పెరిగితే ధనం రెండేళ్ళలో రెట్టింపు కావాలి. ఏటేటా అంత లాభం నిజాయితీగా ఇవ్వగల వ్యాపారం ఏది? సమాధానం దొరకకపోతే, వెనుక చేరినవారి సొమ్ము ముందు చేరినవారికి ఇస్తున్నారని అనుమానించాలి. చేరేవారు తగ్గిన నాడు అది ఆగిపోతుంది. ఇటువంటి అనుమతి లేని డిపాజిట్లను 2019లో చట్టం నిషేధించింది. కాని చట్టం వచ్చేది సాధారణంగా సొమ్ము పోయిన తరువాతనే.

విద్యార్థులకు, కమిటీ పెద్దలకు

విద్యార్థులారా! మీ చేతికి వచ్చే ఉపకార వేతనం స్వల్పమే కావచ్చు. గల్ఫు నుండి తండ్రి పంపిన పైకం, అక్క పెళ్ళికి అమ్మ కూడబెట్టిన సొమ్ము మాత్రం స్వల్పం కావు. ఆ కాగితాలను చదివి అర్థం చెప్పగలిగేవారు ఆ ఇళ్ళలో తరచు మీరే. సంతకానికి ముందు ఈ మూడు ప్రశ్నలు అడగండి: రేపు ఎంత కొనగలదు? కావలసిన నాడు చేతికి వస్తుందా? పోతే భరించేది ఎవరు? సమాధానం చెప్పడానికి విసుగుకునేవారికి సొమ్ము ఇవ్వకండి.

కళాశాల కమిటీ పెద్దలకు ఒక విన్నపం. ఏటా రెండు దినాలు, ఉర్దూలోనూ తెలుగులోనూ, పాసుపుస్తకం, డిపాజిట్ రసీదు, చీటీ ఒప్పందం ఎలా చదవాలో నేర్పే ఏర్పాటు చేయండి. తల్లులను కూడా ఆహ్వానించండి. దానికి పెద్ద ఖర్చు కాదు. దీపముండగానే ఇల్లు చక్కబెట్టుకోవాలని మన పెద్దలు ఊరకే అనలేదు.