పోస్టర్ మీద హవాయి ఫొటో వద్దు

ముదినేపల్లి, కైకలూరు వైపు కారు కిరాయికి తిప్పుకునే కుర్రాళ్లు, డిగ్రీ పాసై చేపల చెరువుల మీద లెక్కలు రాస్తూ పట్టుబడికీ పట్టుబడికీ మధ్య ఖాళీగా ఉండేవాళ్లు అడిగే ప్రశ్న ఒకటుంది. మన దగ్గర టూరిస్టు గైడు పని పెట్టుకుంటే అన్నం పెడుతుందా అని. ఆటపాకలో గూడబాతుల్ని చూపించడానికి అటవీశాఖ పడవలున్నాయి. కొల్లేటికోట పెద్దింట్లమ్మ గుడికి దారి చెప్పమని ఎవరూ డబ్బివ్వరు. ఇంకేం మిగిలింది అంటే, ఇంతవరకూ ఎవరూ అమ్మని సరుకు ఒకటి మిగిలింది. అది లావా.

నవ్వకండి. గుండుగొలను నుంచి దేవరపల్లి మీదుగా కొవ్వూరు పోయే హైవే ఎక్కితే గౌరీపట్నం, దుద్దుకూరు, పంగిడి వస్తాయి. రోడ్డుకి అటూ ఇటూ క్రషర్లు, నల్లరాయి క్వారీలు. గోదావరి జిల్లాల స్లాబుల్లో, రోడ్లలో పడిన నల్ల కంకరలో చాలా భాగం ఇక్కడిదే. ఆ రాయి సుమారు ఆరున్నర కోట్ల ఏళ్ల కిందట కరిగి పారిన లావా. పుట్టింది ఇక్కడ కాదు. మహారాష్ట్రలో పడమటి కనుమల దగ్గర భూమి పగుళ్లలోంచి పొంగి, అప్పటి నదీలోయలు పట్టుకుని సుమారు 1000 కిలోమీటర్లు పారి, అప్పటి సముద్రపు ఒడ్డుకు, అంటే మన గోదావరి జిల్లాలకు చేరింది. రసాయన పరీక్షల్లో ఇక్కడి రాయికీ మహాబలేశ్వరం వైపు రాయికీ పోలిక కుదిరింది. ప్రపంచంలో ఇంత దూరం పారిన లావా ఇదేనేమోనని 2008లో అచ్చయిన ఒక పరిశోధన పత్రం తన పేరులోనే ప్రశ్న వేసింది. శాస్త్రవేత్తలు వీటిని రాజమండ్రి ట్రాప్స్ అంటారు. గోదావరికి ఆ గట్టున కాతేరులోనూ ఉన్నాయి. డెల్టా కింద కూడా ఈ పొర సాగుతుంది. రాజోలు దగ్గర ఓఎన్‌జీసీ బావుల్లో తగిలిన లావా పొరకు ఆ ఊరి పేరే పెట్టారు.

ఈ మాత్రం నోటికి వస్తే గైడు పనిలో సగం వచ్చినట్టేనని కొందరనుకుంటారు. నేనలా అనుకోను. ఇదంతా ఫోనులో దొరుకుతుంది. మనిషి డబ్బిచ్చి మీ వెంట వచ్చేది తన కంటికి ఆనని దాన్ని మీరు చూపిస్తారని. క్వారీ గోడ ముందు నిలబెడితే మామూలు మనిషికి కనిపించేది నల్లటి గోడ, దుమ్ము, దూరంగా ఒక ప్రొక్లైనర్. అక్కడి నుంచే మీ పని మొదలు.

కొన్ని క్వారీల్లో రెండు లావా పొరల మధ్య లేత రంగు పట్టీ ఒకటి అడ్డంగా పోతుంది. మొదట చూపించాల్సింది దాన్నే. కింద పొర చల్లబడ్డాక సముద్రం వచ్చి దాని మీద సున్నపురాయీ బంకమట్టీ పేర్చింది. తర్వాత మరో లావా వచ్చి దాన్ని కప్పేసింది. ఆ పట్టీలో ఆల్చిప్పల శిలాజాలు కనబడతాయి. 2008లోనే ప్రిన్స్‌టన్ విశ్వవిద్యాలయానికి చెందిన గెర్టా కెల్లర్, మన దేశపు శాస్త్రవేత్తలతో కలిసి ఈ పట్టీలోని సూక్ష్మజీవుల గుల్లలు పరిశీలించి, కింది లావా పారిన కాలం డైనోసార్లు అంతరించిన కాలానికి ఆనుకుని ఉందని తేల్చారు. ఇక్కడ జాగ్రత్త. డైనోసార్లను చంపింది ఈ లావాయేనని ఘనంగా చెప్పేయకండి. మెక్సికోలో పడ్డ గ్రహశకలమే కారణమని చెప్పేవాళ్లే ఎక్కువ. రెండు వాదాలూ చెప్పి వదిలేస్తే తిరుగు ప్రయాణంలో బండిలో పిల్లలే పోట్లాడుకుంటారు. మీకు గొంతు విశ్రాంతి.

జేబులో మూడు వస్తువులు పెట్టుకోండి: పాత స్పీకరులోంచి తీసిన అయస్కాంతం, చిన్న సీసాలో వెనిగర్, భూతద్దం. అయస్కాంతాన్ని పాలిథిన్ కవరులో చుట్టి క్రషరు బూడిదలో పెట్టి తీయండి. కవరు చుట్టూ నల్లటి మీసాలు లేస్తాయి. లావాలో ఇనుప ఖనిజం ఉందని ఉపన్యాసం ఇవ్వక్కర్లేదు. వెనిగర్‌ని లేత పట్టీ రాయి పొడి మీద చుక్క వేస్తే బుసబుస పొంగుతుంది, నల్లరాయి మీద వేస్తే ఊరుకుంటుంది. ఏది సముద్రానిదో ఏది నిప్పుదో ఏడో తరగతి పిల్లకు కూడా తెలిసిపోతుంది. భూతద్దంతో విరిగిన ముక్క చూపించండి. లావాలోంచి వాయువులు బయటికి పోతూ వదిలిన బుడగల గుంటలు, వాటిలో తర్వాత నీటితో వచ్చి పేరుకున్న తెల్లటి ఖనిజాలు కనబడతాయి. ఎండకు ఎండి వానకు నానిన చోట ఈ రాయి గుండ్రంగా పొరలు పొరలుగా ఊడుతుంది. తాడేపల్లిగూడెం మార్కెట్లో ఉల్లి బస్తాలు చూసినవాళ్లకి ఉల్లిపాయ అని మీరు అనక్కర్లేదు, వాళ్లే అంటారు. అననివ్వండి. గైడు నోరు మూసుకోవాల్సిన చోటు కూడా ఉంటుంది.

ఇక పోస్టర్ సంగతి. మొదటి వాట్సాప్ పోస్టర్ వేయించగానే చేయి లాగేది హవాయి ఫొటో మీదికే. ఎర్రటి లావా, పొగ, పైన మన బండి నంబరు. వద్దు. వచ్చినవాళ్లు నిప్పు కోసం వెతుక్కుని, కనబడక, మీ మీద కోపంతో ఇంటికి పోతారు. మన దేశంలో నిప్పు కక్కే అగ్నిపర్వతం ఒక్కటే, అండమాన్ దగ్గర బారెన్ దీవి. అదే అండమాన్లో బారాటాంగ్ దీవిలో ‘మడ్ వాల్కనో’ చూడటానికి పోర్ట్‌బ్లెయిర్ (ఇప్పటి పేరు శ్రీ విజయపురం) నుంచి పొద్దున్నే కాన్వాయ్‌లో బయల్దేరి వెళ్లే రోజు టూరు బాగా నడుస్తుంది. తీరా వెళితే ఉండేది గ్యాసుతో బుడబుడలాడే చల్లటి బురద గుంట. ముందే చెప్పినవాడితో వెళ్లినవాళ్లు సంతోషంగా వస్తారు, చెప్పనివాడితో వెళ్లినవాళ్లు తిట్టుకుంటూ వస్తారు. మీ పోస్టర్ మీద క్వారీ గోడ ఫొటోనే వేయండి. ‘పొగ లేదు, నిప్పు లేదు, ఆరున్నర కోట్ల ఏళ్ల నాటి లావాను చేత్తో ముట్టుకోవచ్చు’ అని కింద రాయండి. ఫోన్లు తక్కువ వస్తాయి. వచ్చినవాళ్లు మళ్లీ ఇంకొకర్ని పంపిస్తారు.

అన్నిటికన్నా గట్టిగా చెప్పాల్సింది అనుమతి గురించి. నడుస్తున్న క్వారీ అంటే గని. అందులోకి బయటివాళ్లను చెప్పకుండా తీసుకెళితే మీదీ తప్పే, క్వారీవాళ్ల మెడకూ చుట్టుకుంటుంది. లీజుదారును గానీ మేనేజరుగారిని గానీ ముందు ఒంటరిగా కలవండి. ఎంతమంది, ఏ రోజు, ఎంతసేపు అన్నది కాగితం మీద రాసుకుని వెళ్లండి. ‘కాస్త చూసిపోతామండీ’ అంటే కుదరదనే అంటారు. ‘ఎనిమిదో తరగతి పిల్లలు ఇరవైమంది, పని ఆగే ఆదివారం, గంటసేపు, హెల్మెట్లు మావే’ అంటే ఆలోచిస్తారు. బ్లాస్టింగ్ వేళలు కనుక్కోండి. సైరను మోగాక, ఎర్రజెండా కట్టాక వెనక్కి తిరిగి ఫొటో దిగేవాణ్ణి బండెక్కించేది మీరే. గోడ ఎంత ఎత్తుందో కనీసం అంత దూరంలో నిలబెట్టండి, పైనుంచి ఒక్క పెల్ల రాలినా చాలు. పని మానేసిన క్వారీ గుంటల్లో నీళ్లు నిలిచి ఉంటాయి. లోతు తెలియదు, అంచు నిట్టనిలువు. అనుమతి అడిగే పని లేదు కదా అని వాటి దగ్గరకు తీసుకెళ్లడం అన్నిటికన్నా ప్రమాదం. కాపలా బాబాయిని పలకరించి వెళ్లండి, ఆయనకు తెలిసినన్ని సంగతులు మేనేజరుకు కూడా తెలియవు. శిలాజాలు ఏరుకోనివ్వకండి. ఒక ట్రిప్పుకి పదిమంది పదేసి ముక్కలు పట్టుకుపోతే రెండేళ్లలో మీకు చూపించడానికి ఏమీ ఉండదు.

ఇంత భయం ఎందుకంటారా? న్యూజీలాండ్‌లో వకారీ అని అగ్నిపర్వత దీవి. దాని బిలం దాకా నడిపించే రోజు టూరు ఏళ్ల తరబడి నడిచింది. 2019 డిసెంబరు 9న అది పేలినప్పుడు దీవి మీద 47 మంది ఉన్నారు. 22 మంది చనిపోయారు, వాళ్లలో గైడ్లూ ఉన్నారు. ఆ తర్వాత నడిచిన కేసుల్లో పదేపదే వచ్చిన మాట, ఏ ప్రమాదం ఉందో పర్యాటకులకు సరిగా చెప్పలేదన్నది. మన క్వారీ పేలే అగ్నిపర్వతం కాదు. కానీ బండి దిగేముందు రెండు నిమిషాలు ప్రమాదాల గురించి చెప్పడం, పెద్దవాళ్ల చేత సంతకం తీసుకోవడం, గ్రూపు ప్రమాద బీమా గురించి ఏజెంటును అడగడం ఇక్కడా తప్పదు.

వేడినీళ్లు కూడా కలిపి ఒకే రోజు టూరు చేద్దామని కొందరికి ఆశ. భద్రాచలం పక్కన గుండాలలో గోదావరి ఇసుకను చేత్తో తవ్వితే వేడినీళ్లు ఊరతాయి. బాగుంటుంది, కానీ ముదినేపల్లి నుంచి దాన్ని క్వారీలతో కలిపితే రోజంతా బండిలోనే గడుస్తుంది. దాన్ని వేరే టూరుగా, జంగారెడ్డిగూడెం, అశ్వారావుపేట మీదుగా, భద్రాద్రి రాముడి దర్శనంతో కలిపి పెట్టుకోండి. రాష్ట్రం విడిపోయాక 2014లో ఆంధ్రలోకి వచ్చిన పంచాయతీల్లో గుండాల ఒకటి. దారి మాత్రం తెలంగాణలోంచి. అందుకని పర్మిట్, బోర్డర్ ట్యాక్స్ సంగతి ముందే చూసుకోవాలి. గోదావరి తగ్గి ఇసుక బయటపడ్డాకే వెళ్లాలి. వరద రోజుల్లో చూసేదేమీ లేదు. ఇసుకలో గుంట తవ్వుకుని కాళ్లు పెట్టుకోనివ్వండి, ఏట్లోకి దిగనివ్వకండి. అక్కడ లావా కథ చెప్పడం మాత్రం తప్పు. ఆ వేడికి అగ్నిపర్వతంతో సంబంధం లేదు. గోదావరి లోయ నేల పగిలి కుంగిన చోటు, వాననీరు ఆ పగుళ్లలో చాలా లోతుకు దిగి అక్కడి వేడి పట్టుకుని పైకొస్తుంది. మణుగూరు దగ్గర పగిడేరులో బొగ్గు కోసం వేసిన బోర్లలోంచి ఇలాగే వేడినీళ్లు తన్నాయి. ఆ వేడితో కరెంటు తీసే 20 కిలోవాట్ల ప్రయోగాత్మక ప్లాంటు సింగరేణి అక్కడే పెట్టింది. ఇంజినీరింగ్ పిల్లలు వస్తే ఈ ముక్క వాళ్లకి బాగా పడుతుంది.

రోజు ప్రణాళిక తేలికే. ఆరింటికి బయల్దేరితే కైకలూరు, ఏలూరు మీదుగా పోయి, దారిలో టిఫిన్ చేసి, ఎండ ముదరకముందే క్వారీలో ఉండొచ్చు. కొల్లేరు పొంగితే ఎడ్లగాడి దగ్గర రోడ్డు మీదికి నీళ్లొస్తాయి, అప్పుడు గుడివాడ, హనుమాన్ జంక్షన్ మీదుగా వెళ్లాలి. ఆ అదనపు డీజిలు ముందే లెక్కలో ఉండాలి. క్వారీల దగ్గర బాత్రూములు ఉండవు. ఆడవాళ్లు ఒకసారి ఇబ్బంది పడితే మళ్లీ మీ టూరుకు ఎవరూ రారు, కాబట్టి హైవే మీద శుభ్రంగా ఉండే పెట్రోలు బంకు ఒకటి చూసి పెట్టుకోండి. మధ్యాహ్నం కొవ్వూరులో భోజనం, తర్వాత 1974 నాటి రోడ్డు కం రైలు వంతెన మీద గోదావరి దాటి ధవళేశ్వరంలో కాటన్ మ్యూజియం. 1852లో పూర్తయిన ఆనకట్టకు వాడిన రాయి అక్కడి కొండల ఇసుకరాయి. పొద్దున ముట్టుకున్న నల్లరాయితో పోల్చుకోమంటే రోజంతా ఒక కథలా కుదురుతుంది.

డబ్బు లెక్క. ఇవి లెక్క కోసం అనుకున్న అంకెలు, మీవి వేసుకోండి. పదిమంది పట్టే టెంపో డీజిలు, బత్తాతో కలిపి 7,000, టోలు 600, టిఫిన్ భోజనం తలకి 300, మీ కూలి 3,000. పదిమందికి మొత్తం 13,600, తలకి 1,360 పడింది కదా అని ఆ ధర పెట్టేస్తారు. ఏడుగురే వస్తే 9,520 వసూలవుతుంది, మీ కూలి లేకుండానే ఖర్చు 9,700. రోజంతా తిరిగి 180 చేతినుంచి పెట్టుకుంటారు. ఏడుగురు వస్తారనుకుని తలకి 1,800 పెట్టండి. ఏడుగురొస్తే మీ కూలి దాదాపు గిట్టుతుంది, పదిమంది వస్తే ఆ రోజు మీది. సొంత కారుంది కదా అని తెల్ల ప్లేటు బండిలో కిరాయికి తిప్పకండి. ప్రమాదం జరిగితే బీమా కంపెనీ మొదట చూసేది ఆ ప్లేటునే.

సర్టిఫికెట్ కావాలా అంటే, క్వారీ దగ్గర ఎవరూ అడగరు, స్కూలు హెడ్‌మాస్టరుగారు అడుగుతారు. కేంద్ర పర్యాటక శాఖ ఆన్‌లైన్‌లో నడిపే ఇన్‌క్రెడిబుల్ ఇండియా టూరిస్ట్ ఫెసిలిటేటర్ కోర్సు ఇంటర్ పాసైనవాళ్లు చేసుకోవచ్చు. దాంతోపాటు ప్రథమ చికిత్స శిక్షణ తీసుకోండి, దాని అవసరమే ముందు పడుతుంది. ఉన్న ఉద్యోగం మాత్రం మొదటి ఏడాది వదలకండి. ఈ పని నవంబరు నుంచి ఫిబ్రవరి దాకానే గట్టిగా ఉంటుంది. అందులోనూ సంక్రాంతికి హైదరాబాదు, అమెరికాల నుంచి దిగే కుటుంబాలదే పెద్ద గిరాకీ. మిగతా నెలల్లో స్కూళ్లు వస్తే వచ్చినట్టు. చెరువు లెక్కలు రాసే చేతికి ఈ రెండో లెక్క బరువేమీ కాదు.

అడ్వాన్సు సగం ముందే తీసుకోండి. వాన పడి క్వారీలోకి రానివ్వకపోతే తిరిగిస్తారో, మరో ఆదివారానికి మారుస్తారో రసీదు మీద రాయండి. నోటిమాట చాల్లెండి అనే చుట్టాల దగ్గర కూడా.